గుమ్మం దగ్గర మీ చెప్పులు

ఏమండీ,

అమ్మాయి ఉద్యోగం చేస్తున్న చెక్ దేశపు ఊరు బ్ర్నో చూసొచ్చాను. ట్రామ్ తిరిగే వీధులు, చిన్న రాళ్లు పేర్చిన పేవ్‌మెంట్లు, మేడల కిటికీలపైన సున్నంతో మలిచిన మొహాలు. మీరైతే మెడ పట్టేసేదాకా చూసేవారు. నాకు మాత్రం ఆ మేడల లోపలి సంగతే నచ్చింది. ప్రతి ఫ్లాట్ గుమ్మం బయటా విప్పిన బూట్లే! అమ్మాయి పక్కింటావిడ, వచ్చినవాళ్ల కోసమే ఉంచిన చెప్పుల జత నా ముందు పెట్టింది.

ఇక్కడ లండన్‌లో, మన క్రోయిడన్ ఇంట్లోకి ఎవరైనా బూట్లతో లోపలికొస్తే, "ఇల్లనుకున్నారా, బస్టాండనుకున్నారా?" అని వాళ్లు వెళ్లాక మీరు నామీద విసుక్కునేవారు.

నిన్న బాయిలర్ బాగుచేయడానికి వచ్చినతనికి, మీరు పోయాక ఎవరికీ ఇవ్వని ఇంట్లో తొడుక్కునే మీ చెప్పులు తీసిచ్చాను. "లవ్లీ, జస్ట్ మై సైజ్," అన్నాడు. మెట్లమీద ఆ టపటప వింటూ టీ పెట్టాను. ఒక గుక్క తాగి, పంచదార ఉందా అని మొహమాటంగా అడిగాడు.

మీకు కలిపినట్టే, పంచదార లేకుండా కలిపేశాను.