వంటింట్లో చెప్పిన మాట

నిజామాబాద్, బుధవారం

తప్పులకూ ఈ వంకర రాతకూ ఏమీ అనుకోవద్దు. నాలుగో తరగతితోనే నా బడి అయిపోయింది.

ఎడపల్లి గంగవ్వ, తన నడవడి గురించి నలుగురిలో చెడుగా మాట్లాడిన మరిది మీద పరువునష్టం దావా వేసింది. వకీలైన మా ఆయన ముందు ఆడవాళ్లు నోరు విప్పరు. వంటింట్లో నాకు చెబితే నేను ఆయనకు చేరవేస్తాను. గంగవ్వ కూడా అలాగే చెప్పింది.

ఆమె వెళ్లగానే పక్కింటి సత్తెక్క బీడీల చాటతో వచ్చి కూర్చుంది.

“ఏం చెప్పింది? మరిది అన్నది నిజమేనా?”

“నాకు తెలుసక్కా. కని చెప్ప.”

“అబ్బో, నల్లకోటు నువ్వు తొడిగినవా?”

నవ్వేశాను. కానీ చెప్పనన్నందుకే గంగవ్వది తప్పని అనుకుంటుందేమో అని భయమేసింది. ఏం చేయాలని ఆయన్ని అడిగాను.

“కేసు వేసినోళ్లు చెప్పిన మాట వకీలు బయట పెట్టొద్దు. మాట మోసే దుబాసికి సుత చట్టంల గదే కట్టు. ఎవరి కేసు అడిగినా గదే జవాబు చెప్పు. అప్పుడు ఒక్కరి మీదనే అనుమానం రాదు” అన్నారు.

చట్టం తెలియకముందే సరిగ్గా నడుచుకున్నాను. ఇకపైన అందరికీ అదే జవాబు. గంగవ్వ చెప్పింది ఇక్కడ కూడా రాయను. పేరు మాత్రం రాసేశాను కనుక, ఈ పేజీ ఎవరికి దొరికినా పొయ్యిలో వేయండి.