బాగుపడిన వైఫైని బాగుచేయవద్దని

ఇంటర్నెట్ కంపెనీ ఫిర్యాదుల అధికారి గారి సముఖమునకు,

అయ్యా,

విషయం: మా ఇంటి వైఫై బాగుపడినందున, దానిని బాగుచేయుటకు ఇకపై ఎవరినీ పంపవద్దని కోరుట గురించి.

విన్నవించుకొనునది ఏమనగా:

1. తమ మెకానిక్ మా రౌటరును ఫ్రిజ్ వెనుక బిగించినాడు. కారణమడుగగా, "వైరు అక్కడిదాకానే వచ్చిందండీ" అని సెలవిచ్చినాడు. మా ఆవిడ పక్కగదిలో కూర్చుని ఆన్‌లైన్‌లో పిల్లలకు లెక్కలు చెప్పును. భాగహారం మధ్యలో ఆమె పిల్లల తెరలపై తెరిచిన నోరు తెరిచినట్లే బిగుసుకుపోవుచుండెను. ఇంకొకసారి ఇలా జరిగితే వేరే టీచరును చూసుకుంటామని స్కూలువారు చెప్పేశారు.

2. తమకు ఎన్ని ఫోన్లు చేసినను "ఆపి మళ్ళీ వేయండి" అనునదే మంత్రము. కావున నేనే పొడుగు వైరు కొని, రౌటరును హాలు గోడకెక్కించితిని. చుట్టుపక్కల ఇళ్ళ వైఫైలన్నీ ఒకే ఛానెల్‌లో కిక్కిరిసి ఉండగా, సెట్టింగులలో ఖాళీ ఛానెల్‌కు మార్చితిని. రౌటరు తయారీదారు ఇచ్చిన కొత్త ఫర్మ్‌వేరు, అనగా దానిని నడిపించు సాఫ్ట్‌వేరు, ఎక్కించితిని. ఆ పూట క్లాసు ఆగకుండా నడిచెను. మా ఆవిడ బయటికొచ్చి, "మీకూ ఒక పని చేతనవునన్నమాట!" అన్నది. మా కాపురంలో నాకు జరిగిన పెద్ద సన్మానం అదే.

3. అంతట తమ ఆఫీసు నుండి ఫోను. బాగుపడిందని చెప్పుట నా బుద్ధితక్కువ. బాగుపడినచో ఫిర్యాదు మూయవలెనట. మూయుటకు మనిషి రావలెనట. వచ్చినవాడు పిన్నుతో రీసెట్ నొక్కి, లైట్లు వెలుగుచుండగా ఫోటో తీయవలెనట. తమ రూలట. అతడు నా సెట్టింగులన్నీ తుడిచిపెట్టి, తాము ఆమోదించిన పాత ఫర్మ్‌వేరు ఎక్కించి, "ప్రాబ్లం సాల్వ్ అయిందండీ" అని వెళ్ళెను. పిచ్చి కుదిరింది, రోకలి తలకు చుట్టమన్నాడట! మా ఆవిడ మళ్ళీ బిగుసుకుపోయినది; స్కూలువారు ఇదే ఆఖరి మన్నింపని చెప్పిరి.

4. అన్నీ మళ్ళీ సరిచేసితిని. సిగ్గు విడిచి చెప్పుచున్నాను, నా షాపు మూతపడింది. ఇల్లు గడిచేది ఆమె క్లాసుల మీదనే.

కావున తాము మాకు ఏ సేవయు చేయకుండుటయే మహోపకారము. చిత్తగించవలెను. చిత్తగించి ఊరుకొనవలెను.

తమ విధేయుడు (రీసెట్ చేయనంతవరకు),
లెక్కల టీచరు గారి భర్త

తా.క.: ఇది మా ఆవిడ చదివి నెత్తి కొట్టుకుంది. "మీ తెలివి తెల్లారినట్టే ఉంది! ఇదీ వాళ్ళకి ఫిర్యాదేగా? ఫిర్యాదంటే మూయాలి, మూయాలంటే మనిషి రావాలి!" నిజమే. అయినా పంపుతున్నాను. రానివ్వండి మీ పిన్నువాడిని. రౌటరు కింద కుర్చీ వేసుకుని కూర్చున్నాను. షాపు పోయాక నాకు దొరికిన ఉద్యోగం ఇదొక్కటే.