తీసేసిన మాట

చిరంజీవి వీట్స్కెకు,

వాన నిన్న తెరిపిచ్చింది. పొద్దున్నే గడ్డి తిరగేశాం. సాయంత్రానికి కట్టలు కట్టి లోపలికి చేర్చాం. ఇక్కడ అందరం క్షేమం. హిల్వెర్సమ్‌లో నువ్వు వేళకు తింటున్నావనుకుంటాను.

మన పాలరైతుల మీద తీసిన, నువ్వు ఎడిటింగ్ చేసిన డాక్యుమెంటరీ సినిమా ఎలా ఉందని అడిగావు. శుక్రవారం ఊరి హాల్లో వేశారు. కాఫీతో తలా ఒక బిస్కెట్ ఇచ్చి డబ్బా మూత పెట్టేశారు. చివర్లో నీ పేరు వచ్చేసరికి సగంమంది కోట్లు తొడుక్కుంటున్నారు. మొదట వార్తలు, తర్వాత పిల్లల సీరియళ్లు, ఇప్పుడు సినిమాలు; ఇన్నేళ్లుగా నీ పేరుకి ఇదే గతి. నేను మాత్రం కూర్చునే చదివాను.

నాన్న ఏమన్నారనీ అడిగావు. కెమెరా వాళ్లతో ఒక మధ్యాహ్నమంతా మాట్లాడిన మనిషి, తెరమీద కొట్టం తలుపు వేసి ఊరుకున్నారు. "బతికుండగా ఈ ఆవుల్ని అమ్మను" అని వాళ్లతో అన్న మాట కూడా లేదు. పక్కింటి హిల్కె ఊరుకుంటాడా.

"ఏమోయ్ దుర్క్, నీ నోరు కత్తిరించినందుకేనా మీ అమ్మాయికి జీతం?" అన్నాడు.

అందరూ నవ్వారు. నాన్న కప్పు కడిగిపెట్టి వచ్చేశారు.

నాన్నకు కోపమొస్తే టీవీలో వేసేలోపు ఆ మాట మళ్లీ కలుపుతానన్నావు. అది అంటున్నంతసేపూ ఆయన చెయ్యి కొట్టం కమ్మీని వదల్లేదనీ, పదే పదే అదే చూసి తీసేశాననీ రాశావు. నీకు కనబడిపోయింది కాబట్టి చెప్తున్నాను. క్షేమమని పైన రాసింది సగమే నిజం. వసంతకాలం నుంచి నాన్న గుండె బాగాలేదు. పశువుల పని మానమన్నాడు డాక్టరు. నీకు రాయొద్దన్నారు, రాయలేదు.

ఆదివారం నీ ఉత్తరం ఆయన చేతికిచ్చాను. చదివి, మడిచి జేబులో పెట్టుకున్నారు.

"కలపొద్దని రాయి," అన్నారు. "టీవీలో ఊరంతా వింటే ఇంక ఆ మాట తప్పలేను."

"అందరూ నవ్వుతున్నారుగా."

"నవ్వనీ. మూగవాణ్ణంటారు, అంతేగా."

తర్వాత పశువుల వ్యాపారికి ఫోను చేశారు.

అందుకని అది అలాగే ఉంచు. చివరి రోజు పాలు నేనే పితికాను. నాన్న తలుపు దగ్గర నిలబడ్డారు. ఆవులు గురువారం పొద్దున లారీలో వెళ్లాయి.

ఇట్లు,
మీ అమ్మ