గ్లాస్టర్ రేవులో హైలెస్సా

ఏమండీ,

ఎలా ఉన్నారు? మీరు వెళ్లిపోయి ఏడాది దాటింది. నేను బాగానే ఉన్నాను... మీ రబ్బరు బూట్లు మాత్రం ఇంకా గుమ్మం దగ్గరే ఉన్నాయి. తియ్యబుద్ధి కాలేదు.

నిన్న ఇక్కడి గ్లాస్టర్ రేవులో మీ తెరచాప ఓడల, అదే ఆ స్కూనర్ల పందెం జరిగింది. రానని మొండికేశాను. మీ ముసలి కెప్టెన్ ఊరుకుంటేగా! తనే కారేసుకుని ఇంటికొచ్చి, ఓడలో మీ చోటు నాకోసం ఖాళీగా ఉంచామన్నాడు. నన్నేదో పేరు పెట్టి పిలిచాడు కూడా. పెద్దాయన, మరిచిపోయాడనుకున్నాను. నీళ్లంటే నాకెంత భయమో మీకు తెలుసుగా... ఇన్నేళ్లలో రేవుకి వచ్చిందే లేదు. ఒడ్డునే నిలబడి చూస్తానని చెప్పి వెళ్లాను.

ఎంత అందంగా ఉన్నాయండీ ఆ ఓడలు! రెండేసి కొయ్య స్తంభాలు, ఇల్లంతేసి తెరచాపలు. ఒకప్పుడు చేపలతో ముందుగా రేవు చేరాలని పరుగెత్తినవి, ఇప్పుడు ఉత్త పౌరుషానికి పరుగెత్తుతున్నాయి. డెబ్బై తొమ్మిదిలో మీరు మొదటిసారి తెరచాప ఎత్తే మోకు పట్టుకుని, అరచేతులు బొబ్బలెక్కించుకుని వస్తే ఇదేం సరదా అని సణిగాను. "గాలి మన చుట్టం కాదు ప్రభా, పిలిస్తే రాదు. వచ్చినప్పుడే మర్యాద చేసుకోవాలి" అన్నారు. నిన్న అర్థమైంది.

నన్ను చూడగానే ఓడలో వాళ్లందరూ ఎలిస్సా, ఎలిస్సా అని చేతులూపారు. ఎవరినో అనుకుని వెనక్కి తిరిగాను. ఎవరూ లేరు. నన్నే!

అడిగితే కెప్టెన్ చెప్పాడు. తెరచాప ఎత్తేటప్పుడు మీరు మన కాకినాడ జాలర్లలా "హైలెస్సా" అని అరిచేవారట. అది మీ భార్య పేరనుకున్నారు వాళ్లు! బరువెత్తిన ప్రతిసారీ పెళ్లాన్ని తలుచుకునే మగాణ్ని ఇంకెక్కడా చూడలేదని ఆయన కళ్లు తుడుచుకున్నాడు. మీరు పోయాక కూడా అదే అరుస్తూ తెరచాప ఎత్తుతున్నారట. నాకు నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి.

వాళ్లే పొరబడ్డారా... మీరే అలా చెప్పారా? మీ కొంటెతనం నాకు తెలియనిదా!

అసలు సంగతి చెబుదామని నోరు తెరిచాను. చెప్పలేదు. ఓడ ఎక్కాను. మోకు చేతికిచ్చారు. అందరూ నా పేరు... అదే, మీరు పెట్టిన పేరు అరుస్తుంటే లాగాను. తెరచాప లేచిందండీ!

గెలవలేదులెండి. మీరుంటే గెలిచేవాళ్లం.

ఇప్పుడు నా అరచేతులూ బొబ్బలెక్కాయి. మీకు రాసినట్టే కొబ్బరినూనె రాసుకున్నాను. వచ్చే ఏడు మీ బూట్లలో గుడ్డలు కుక్కుకునైనా వేసుకుని వెళ్తాను.

ఉంటానండీ,
మీ హైలెస్సా