ఫోర్క్ బంతి గుట్టు

అమెరికా,
ఏప్రిల్ చివర

ప్రియమైన తమ్ముడు కజిహరకి,

చెర్రీ పూలు రాలిపోయాయా, కొకురాలో ఎండలు మొదలయ్యాయా అని అడిగి ఉత్తరం మొదలుపెట్టాలి. హైస్కూల్లో మనకి అలాగే నేర్పారు. నాకంత ఓపిక లేదు. ఇక్కడ నిన్న కూడా మంచు పడింది. పూలు లేవు. సరిపోయిందా?

ఆరోగ్యం బాగానే ఉంది. అన్నం దొరుకుతోంది గానీ దాన్ని అన్నం అనడానికి నోరు రావడం లేదు. మీ వదిన సుమియె పంపిన ఉమె కాయల ఊరగాయ పెట్టుకుని మింగుతున్నాను. ఇక్కడి బేస్‌బాల్ టీంలో నా బంతులు పట్టే క్యాచర్ ఎడ్ల బండంత మనిషి, రోజంతా బబుల్‌గమ్ నములుతాడు, నోరు విప్పి ఒక్క మాట మాట్లాడడు. నీతో అన్నేళ్లు వేగినవాడికి ఇది స్వర్గం. నువ్వు బ్యాటర్ వెనకే మాస్కు పెట్టుకుని కూచుని, వచ్చిన ప్రతి బ్యాటర్‌నీ పెళ్లాం ఎలా ఉంది, కొత్త కారు కొన్నావటగా, మొలల బాధ తగ్గిందా అని అడుగుతుంటే, అవతల బంతి పట్టుకుని నిలబడ్డ నాకు నవ్వాలో ఏడవాలో తెలిసేది కాదు. పైగా పేపర్లవాళ్లు క్యాచర్‌ని బంతి వేసే పిచ్చర్‌కి పెళ్లాం అని రాస్తారు కదా, సుమియెకి ఒళ్లు మండేది. నాకు పెళ్లాం ఒక్కతే చాలు, ఈ వాగుడుకాయ వద్దు అనేవాణ్ణి.

ఇక అసలు సంగతి. నా ఫోర్క్ బంతి పనిచెయ్యడం లేదు. అక్కడ జపాన్‌లో దానికి బ్యాట్ ఊపనివాడు లేడు. నడుం ఎత్తున వస్తున్నట్టే వచ్చి బ్యాట్ దగ్గర మోకాళ్ల కిందికి దిగిపోతే, గాలిని కొట్టి తిట్టుకుంటూ వెళ్లేవాళ్లు. ఇక్కడ దానికి బ్యాట్ కదపరు. బస్సు కోసం నిలబడ్డట్టు నిలబడి చూస్తారు. తరవాత మామూలు బంతి వేస్తే, అదే వస్తుందని ముందే తెలిసినట్టు బాదుతారు. మొన్న మూడో ఇన్నింగ్సే దాటలేకపోయాను.

నా చేతిని నాకన్నా ఎక్కువ చూసినవాడివి నువ్వు. ఫోర్క్ వేసే ముందు నాలో పట్టుబడిపోయే అలవాటు ఏదైనా ఉందా? సూటిగా అడుగుతున్నాను, సూటిగా చెప్పు.

మీ అన్న,
ఇసొబె తెత్సురో


కొకురా,
మే

గౌరవనీయులైన ఇసొబె అన్నకి,

మీరు పూల సంగతి అడక్కపోయినా నేను చెబుతాను. పూలు రాలిపోయాయి, వానలు ఇంకా రాలేదు, నా మోకాలు మాత్రం వస్తున్నాయి వస్తున్నాయి అంటోంది.

మోకాలు పోయినవాడికి మాస్కు ఎందుకని మన టీంవాళ్లు నాకు టై కట్టి కొత్త ఉద్యోగమిచ్చారు. చీకటి గదిలో కూచుని ఎదుటి టీం పిచ్చర్ల టేపులు చూడాలి. ఒకడు బంతి రకం మార్చేముందు నాలిక బయటపెడతాడు, ఇంకొకడు మెడ వంచుతాడు. అవి పట్టుకుని మన బ్యాటర్లకి చెప్పాలి. దొంగతనం నేర్పే మాస్టారినయ్యాను అన్నా. మా అమ్మ మాత్రం ఇరుగుపొరుగుకి నేను ఆఫీసరునని చెప్పుకుంటోంది.

మన మేనేజర్ షిరాయిషి గారు ఆసుపత్రిలో ఉన్నారు. ఈసారి తేలిగ్గా తీసుకునేది కాదంటున్నారు. నేను వెళ్తే, నర్సులు మంచం ఎత్తేటప్పుడు నడుం వంచడం రావడం లేదని తిడుతున్నారు. మీ ఆట గురించి అడిగారు. బాగా ఆడుతున్నారని చెప్పాను.

ఫోర్క్ సంగతి రాశారు. అమెరికా బంతి తోలు కాస్త జారుడుగా ఉంటుందట, మొదట్లో అందరికీ ఇబ్బందేనట. అలవాటు పడతారు. వేళకి తినండి, ఏసీ గాలిలో భుజం పెట్టుకుని పడుకోకండి.

మీ తమ్ముడు,
కజిహర దైకిచి


నెబ్రాస్కా,
జూన్ చివర

ప్రియమైన కజిహరకి,

పైన రాష్ట్రం పేరు చూశావుగా. నన్ను కింది టీంకి తోసేశారు. ఎటు చూసినా మొక్కజొన్న చేలు. బస్సులో రాత్రీ పగలూ తిరగడం, బస్సు దిగి దెబ్బలు తినడం. సీజన్ అయ్యేలోపు ఏదో ఒకటి చేసి చూపించకపోతే ఇంటికి పంపేస్తామన్నారు. ఇంటికి పంపితే ఈ వయసులో నన్ను ఎవరు తీసుకుంటారు? బంతి వెయ్యడం తప్ప నాకు ఇంకేం చేతనవును?

నీ ఉత్తరం చాలాసార్లు చదివాను. నేను అడిగింది తోలు జారుడు గురించి కాదు. నాలో అలవాటు ఉందా లేదా అని అడిగాను. నీ మోకాలు రాశావు, మీ అమ్మ రాశావు, నర్సుల నడుం కూడా రాశావు. అది ఒక్కటీ రాయలేదు. వాగేవాడు వాగకుండా వదిలేసిన మాట మీదే నాకు అనుమానం.

ఇంకో సంగతి. సుమియె తమ్ముడు ఫుకుఒకా హోటల్లో పనిచేస్తాడని నీకు తెలుసు. కిందటి నెల అక్కడ ఎర్రజుట్టు అమెరికావాడితో నువ్వు కూచున్నావట. వాడు నీకో సంచీ ఇచ్చాడట, నువ్వు దాన్ని ఒళ్లో పెట్టుకున్నావట. ఆ అమెరికావాడు ఎవరో కనుక్కున్నాను. నన్ను మూడో ఇన్నింగ్స్‌లోనే దింపించిన టీంకి మనుషుల్ని వెతికిపెట్టేవాడు.

నీ ఉద్యోగం పిచ్చర్ల గుట్టు కనిపెట్టి అమ్మడం. నా గుట్టు ఏదైనా ఉంటే తెలిసేది నీ ఒక్కడికే. వాళ్ల చేతిలో సంచీ, నీ ఒళ్లో సంచీ. నేను ఏమనుకోవాలో నువ్వే చెప్పు. మా ఇంట్లో నా పక్కన కూచుని అన్నం తిన్నవాడివి. హైస్కూల్లో జూనియర్‌గా నా బూట్లు మోసినవాడివి. కాదు అని ఒక్క ముక్క రాస్తే నమ్మడానికి సిద్ధంగా ఉన్నాను.

ఇసొబె


కొకురా,
జులై

గౌరవనీయులైన అన్నకి,

కాదు. మీరనుకుంటున్నది కాదు.

హోటల్లో కూచున్న మాట నిజం. సంచీ తీసుకున్న మాట నిజం. మీరు అడిగినదానికి నా దగ్గర జవాబు ఉన్న మాట కూడా నిజం. చెప్పడానికి మాత్రం నాకు అనుమతి లేదు. అడిగి చూశాను, ఇవ్వలేదు. మీరు ఇంటికి వచ్చాక అన్నీ చెబుతాను. అంతవరకు నన్ను తిట్టుకోండి, భుజాన్ని మాత్రం పాడు చేసుకోకండి.

మీ తమ్ముడు,
కజిహర


నెబ్రాస్కా,
అక్టోబరు

కజిహరకి,

అనుమతా? ఎవరి అనుమతి? కొన్నవాడిదా?

నీ ఉత్తరం సుమియెకి ఫోన్లో చదివి వినిపించాను. దైకిచి అలాంటివాడు కాదు, తొందరపడకండి అంది. ఆమెది మంచి మనసు. నేను ఆగస్టంతా ఆగాను. ఆ నెలంతా మైదానంలో నిలబడి బంతి మీద కాక నీ మీదే ఆలోచన పెట్టాను. ప్రతి బ్యాటర్ కళ్లలో నువ్వు చెప్పిన మాటే కనిపించింది. ఫోర్క్ వెయ్యడానికే భయం పట్టుకుంది. వెయ్యకపోతే నా దగ్గర ఉన్నదేమిటి? మామూలు బంతులు ఇక్కడి స్కూలు పిల్లలు కూడా కొడతారు.

నిన్న నన్ను పిలిచి, సంచీ సర్దుకోమన్నారు.

మన టీంకి ఫోన్ చేశాను. నా తొమ్మిదేళ్లు తిన్న టీం. వయసైపోయిందని మర్యాదగా వద్దన్నారు. ఆ మాట వాళ్ల నోట్లో పెట్టింది నువ్వేనని నా అనుమానం. పిచ్చర్ల మీద ఇప్పుడు నువ్వు చెప్పిందే అక్కడ వేదమట కదా. అక్కడ అమ్మేశావు, ఇక్కడ తలుపు వేయించావు. ఇంత ద్రోహివని తెలిస్తే నీకు నా బూట్లు కూడా ముట్టుకోనిచ్చేవాణ్ణి కాదు.

మత్సుయామా టీంవాళ్లు ఒక్క ఏడాదికి చూస్తామన్నారు. ఫిబ్రవరిలో వాళ్ల శిక్షణకి వెళుతున్నాను. ఏప్రిల్లో మీ మైదానంలోనే మొదటి ఆట. నీ బ్యాటర్లకి ఏం నేర్పుకుంటావో నేర్పుకో.

నాకు ఉత్తరాలు రాయకు. నాకు తమ్ముడు లేడు.

ఇసొబె తెత్సురో


కొకురా,
మార్చి

గౌరవనీయులైన ఇసొబె అన్నకి,

రాయవద్దన్నారు. రాస్తున్నాను. చింపేసే ముందు చివరిదాకా చదవండి, ఆ తరవాత మీ ఇష్టం.

షిరాయిషి గారు నవంబరులో పోయారు. అంత్యక్రియల్లో మీరు ముందు వరసలో, నేను గుమ్మం దగ్గర. మీరు నా వైపు చూడకుండా నన్ను దాటి వెళ్లారు. ఆయన ఫొటో ముందే ఈ మాట చెప్పేద్దామనుకున్నాను. మీ పక్కన మత్సుయామావాళ్లు నిలబడి ఉన్నారు.

మీలో అలవాటు ఉంది. ఫోర్క్ పట్టు కోసం ఎడంచేతి గ్లవ్ లోపల కుడిచేతి చూపుడు వేలూ మధ్య వేలూ విడదీసి బంతిని ఇరికిస్తారు కదా, అప్పుడు గ్లవ్ చిటికెన వేలి వైపు కాస్త విచ్చుకుంటుంది. మిగతా ఏ బంతికీ విచ్చుకోదు. మీరు టీంలోకి వచ్చిన మొదటి ఏడాదే షిరాయిషి గారు కనిపెట్టారు. నన్ను పిలిచి చూపించారు. మీకు చెబుతానన్నాను. చెంప పగలగొడతానన్నారు. మనకి ముందు తరంలో ఒక పిచ్చర్‌కి ఆయనే ఇలాంటిది చెప్పారట. ఆ రోజు నుంచి అతను గ్లవ్‌నే చూసుకుంటూ, బంతి ఎక్కడ పడుతోందో మరిచిపోయాడట. ఏడాది తిరక్కుండా టీం వదిలి వాళ్ల నాన్న చేపల పడవెక్కాడు. ఇంకొకణ్ణి పడవెక్కించలేను, బ్యాటర్ల కళ్లు నువ్వు మళ్లించు అన్నారు. కళ్లు నేనెలా మళ్లిస్తానండీ అంటే, దేవుడు నీకు నోరిచ్చాడు కదరా అన్నారు.

అందుకే వాగాను. మీ చెయ్యి గ్లవ్‌లోకి వెళ్లే ఆ క్షణంలోనే కారు గురించో, మొలల గురించో అడిగేవాణ్ణి. బ్యాటర్ కసిరి కిందికి చూసేసరికి మీ చెయ్యి బయటికి వచ్చేసేది. అమెరికాలో మీకు దొరికిన క్యాచర్ బబుల్‌గమ్ నమిలాడు. వాళ్లకి ఎవరూ ఏమీ అమ్మలేదు అన్నా. కళ్లున్నవాళ్లు చూశారు, అంతే.

సంచీలో ఉన్నవి అమెరికాలో మీరు ఆడిన ఆటల టేపులు. మన కుర్రాళ్లని చూడటానికి వచ్చిన ఆ అమెరికావాణ్ణి బతిమాలి తెప్పించుకున్నాను. చూడగానే అర్థమైంది. టేపులు పట్టుకుని ఆసుపత్రిలో షిరాయిషి గారి దగ్గరికి పరిగెత్తాను. ఇప్పుడైనా చెప్పనివ్వండి అన్నాను. అంత దూరంలో ఇసొబె కుప్పకూలితే పట్టుకునేవాడెవడు, వాడు ఇంటికొచ్చాక నువ్వు పక్కన కూచుని చెప్పు, మాటివ్వు అన్నారు. మాటిచ్చాను. ఇంటికి రావడమంటే మన టీంకి రావడమనే ఆయన అనుకున్నారు. నేనూ అదే అనుకున్నాను. మిమ్మల్ని తీసుకోమని మనవాళ్లని మూడుసార్లు అడిగాను. టై కట్టుకున్నవాడి మాట పిచ్చర్ల గుట్టు వరకే చెల్లుతుంది, తీసుకోవడాల దగ్గర కాదు.

ఇప్పుడు మీరు ఇంటికొచ్చారు గానీ, నేను పక్కన కూచునే ఇంటికి రాలేదు. ఇలా చెప్పవచ్చా అని అడగడానికి ఆయన లేరు. కిందటి వారమంతా నిద్ర లేదు. చివరికి నేనే తేల్చుకున్నాను.

దాన్ని దాచడానికి చూడకండి. గ్లవ్ వైపు చూశారా, పాడైపోతారు. ఏ బంతి వెయ్యబోతున్నా ముందు ఫోర్క్ పట్టే పట్టుకోండి. గ్లవ్ ప్రతిసారీ విచ్చుకోనివ్వండి. అక్కడి నుంచి కావలసిన పట్టుకి వేళ్లు మార్చుకోండి. ప్రతి బంతికీ కనిపించేది ఎవడికీ ఏమీ చెప్పదు. అద్దం ముందు వద్దు, కళ్లు మూసుకుని చెయ్యండి. అన్నం తినేటప్పుడు కూడా ఎడంచేతికి గ్లవ్ తొడుక్కుని చెయ్యండి. సుమియె వదిన తిడుతుంది, తిట్టనివ్వండి. మొదటి ఆటకి ఇంకా వ్యవధి ఉంది, చాలుతుంది.

నన్ను ద్రోహి అన్నారు. అప్పుడు కాదు, ఇవాళ అయ్యాను. నాకు జీతమిచ్చే టీంకి ఎదురుగా నిలబడే పిచ్చర్‌ని వాళ్లకి తెలియకుండా చక్కదిద్దుతున్నాను. బయటపడితే ఈ ఊళ్లో బేస్‌బాల్ మైదానం గేటు కూడా నన్ను లోపలికి రానివ్వదు. అది నా సంగతి, నేను చూసుకుంటాను. మీరు జవాబు రాయకండి. ఎదురుపడితే పలకరించకండి. నిజంగా కోపంగానే ఉండండి, మీకు నటన రాదు.

రేపు పొద్దున మా బ్యాటర్లందరినీ కూచోబెట్టి మీ గురించి చెప్పాలి. ఇసొబె బంతుల్లో కనిపెట్టడానికి ఏమీ లేదని చెబుతాను. ఆ మాట నిజం చేసే పని మీది.

కజిహర దైకిచి