షెడ్డు షట్టర్ నేనే తెరవలేదు

కోరుట్ల

బిడ్డా మమతా,

షట్టర్ బిగించిన అన్వేష్‌ను నువ్వు ఫోన్‌లో తిట్టావని తెలిసింది. అతన్ని ఇంకేమీ అనకు. తప్పు నాది.

నా కొడుకు గంగాధర్ శవపెట్టె దుబాయి నుంచి వచ్చిన రోజు కరెంటు లేదు, వాన పడుతోంది. కారు షెడ్డులో దించుదామంటే, "రిమోట్ పనిచేస్తలేదు, షట్టర్ లేవది" అని అందరికీ చెప్పాను. నీకూ అదే చెప్పాను.

కరెంటు పోతే షెడ్డు లోపల వేలాడే ఎర్రతాడు గుంజి, చేత్తో పైకి లేపాలని వాడే వీడియో కాల్‌లో నాకు నేర్పాడు. రెండుసార్లు నాతో లేపించి, "నువ్విగ మెకానిక్‌వైనవు పో అమ్మా" అని నవ్వాడు.

తెలిసీ లేపలేదు. "బయట పోయిన పీనుగను ఇంట్లకు రానియ్యద్దు వదినా, సంటిపిల్ల ఉన్నది" అని మా ఆడబిడ్డ చెవిలో అన్నది. భయపడ్డాను. తన కష్టంతో కట్టిన ఇంటి ముందు వాడు రోడ్డు మీద తడిశాడు. నువ్వు పెట్టె మీద కొంగు కప్పుతుంటే కూడా నేను నోరు విప్పలేదు.

అన్వేష్ నిన్న వచ్చి, "అవ్వా, నేను మంచిగనే బిగించిన గదా" అన్నాడు. అతని మొహం చూడలేకపోయాను.

నువ్వు మల్లాపూర్‌లోని నీ తల్లిగారింటి నుంచి తిరిగి రాకున్నా ఎందుకని అడగను. నీ బిడ్డ పెద్దదై నాయన సంగతి అడిగితే ఇది కూడా చెప్పు. నా తప్పు దాచకు.

నీ అత్త