ఎర్ర మంచం నాది

తొండియార్‌పేట, చెన్నై
ఆదివారం

చిరంజీవి తమ్ముడు గణేష్‌కి,

అక్క సుజాత దీవించి రాసేది. నేనిక్కడ క్షేమం. కోపంగా ఉన్నాను, కాని క్షేమమే. అమ్మ మోకాలు, నాన్న దగ్గు, మామ్మ కళ్లు, నీ చదువు అన్నీ సవ్యంగా ఉన్నాయనే అనుకుంటున్నాను. ఏదైనా సవ్యంగా లేకపోతే దాచకుండా రాయి. దాచితే నాకు ఇంకా కోపం వస్తుంది.

మొన్న ఫోన్లో నేను అరిచిన అరుపుకి హాస్టల్లో అన్ని తలుపుల్లోంచీ తలకాయలు బయటికొచ్చాయి. "తుడిచేసుకో పో, నాకేం" అన్నాను కదా. అది అబద్ధం. అందుకే వెంటనే, నా ఉత్తరం అందేవరకు దేన్నీ తుడవకు అని మెసేజ్ పెట్టాను. ఆ ఒక్క ముక్కే పెట్టి ఊరుకున్నాను. ఇంకో ముక్క పెడితే మళ్లీ తిట్టేదాన్ని. ఫోనైతే నువ్వు కట్ చేస్తావు. కాగితాన్ని చివరిదాకా చదవక తప్పదు. పైగా ఇందులో నువ్వు కంప్యూటర్ పక్కన పెట్టుకుని చేయాల్సిన పని ఉంది.

ముందు ఇక్కడి సంగతులు. అమ్మకి చదివి వినిపించు.

ఉక్క. చెప్పడానికి ఇంకో మాట లేదు. సముద్రం దగ్గరే ఉంది కాని గాలి రాదు, వస్తే ఉప్పుతో వస్తుంది. ఆరేసిన బట్టలు సాయంత్రానికి కూడా చెమటపట్టినట్టే ఉంటాయి. హార్బర్‌కి వెళ్లే లారీలు హాస్టల్ ముందు నుంచే పోతాయి, గ్లాసులో నీళ్లు వణుకుతాయి. తిండికి లోటు లేదమ్మా, మూడు పూటలా పెడుతున్నారు. పొద్దున సాంబారు, మధ్యాహ్నం సాంబారు, ఒక్కోరోజు పొద్దుటి ఇడ్లీలనే విరిచి పోపు వేసి ఉప్మా అంటారు. నేను బాగానే తింటున్నాను. చోడిపిండి ఒక కేజీ పంపితే చాలు, అంబలి కాచుకుంటాను. నా గదిలో ఉండే సెల్వి అనే పిల్లకి ఒకసారి రుచి చూపిస్తే "ఇదు ఎంగ ఊరు కూళు" అని నా గ్లాసు కూడా లాక్కుని తాగేసింది. వాళ్ల ఊళ్లోనూ ఇదే తాగుతారట.

పనిలో నన్ను కటింగ్ టేబుల్‌కి మార్చారు. ఎవరూ నేర్పలేదు. చూసి నేర్చుకున్నాను. గుడ్డని పొరలు పొరలుగా పరిచి, పైన అట్ట పెట్టి, చాక్‌పీసుతో గీసి, మిషన్‌తో కోయాలి. ఒక్క గీత తప్పితే వంద చొక్కాలు తప్పుతాయి. నా గీత తప్పదు. నాన్నతో చెప్పు.

ఇప్పుడు నీ సంగతికి వస్తాను.

నువ్వు పంపిన ఫోటో చూశాను. కంప్యూటర్ ఆటలో మనిద్దరం కట్టుకున్న మన వరల్డ్‌, అందులో మన కొండ ఇల్లు. నా ఎర్ర మంచం. దాని మీద పడుకుని హారిక ఆడే బొమ్మ. పెద్దమ్మ కూతురు సెలవులకి వచ్చింది, ల్యాప్‌టాప్ తెచ్చింది, నీతో ఆడింది, సంతోషం. ఆ ఇంట్లో నీలం మంచం కూడా ఉంది. అది నీది. నీది ఇవ్వచ్చు కదా? నాది ఎందుకిచ్చావు? నువ్వేమో నవ్వుతూ, "హారికక్క సెప్పినాది అక్కా, మన వరల్డ్ పాతదైపోనాదట. కొత్త చెట్లు గట్రా అందులో రావట. తుడిసేసి కొత్తది మొదలెట్టేద్దుమా?" అన్నావు. ఒక్క మాటలో రెండుసార్లు అక్క. ఏ అక్కతో మాట్లాడుతున్నావో నాకే తెలియలేదు.

నాకు అసూయ అని అమ్మ అంది. "ఏటే అమ్మీ, ఆట కోసం ఆ పిల్ల మీద రంకెలేటి?" అని. అవును, అసూయే. తను ఇంజనీరింగ్ చదువుతోంది. నేను ఇంటర్ మధ్యలో మానేశాను. ఆ కంప్యూటర్‌ని సిమెంటు కొట్టు షావుకారు పారేస్తానంటే నాన్న సైకిల్ మీద తెచ్చాడు. దాని పొట్ట విప్పి దుమ్ము దులిపింది ఎవరు? ఇంగ్లిష్ వీడియోలు మాట మాటకీ ఆపుకుంటూ చూసి ఆ ఆట ఎక్కించింది ఎవరు? నువ్వు మూడో తరగతిలో ఉన్నప్పుడు నీ చేత మొదటి గోడ కట్టించింది ఎవరు? ఇక్కడ నా ఫోన్లో ఆ ఆట తెరుచుకోదు. భోజనాల దగ్గర ఎవరో ఆడుతుంటే వెనకాల నిలబడి చూస్తాను. అప్‌డేట్‌తో వచ్చిన ఆ గులాబీ రంగు చెట్లు నేను అలాగే చూశాను, పరాయివాళ్ల భుజం మీద నుంచి.

కాని హారిక చెప్పింది తప్పు. పాత వరల్డ్‌లో కొత్తవి వస్తాయి. ఎలాగో నాకు మా కటింగ్ టేబుల్ దగ్గర అర్థమైంది.

పోయిన వారం స్కూలు చొక్కాలు కోస్తున్నాం. జేబు అడుగు గుండ్రంగా ఉండాలి. సగం కోశాక కొత్త అట్ట వచ్చింది, అడుగు పలకగా ఉండాలట. నేను కోసినవన్నీ పట్టుకుని, వీటినే మళ్లీ సరిచేయలేమా అని తిప్పి తిప్పి చూస్తున్నాను. మా కటింగ్ మాస్టర్ కోదండం గారు, ఇక్కడే పుట్టి పెరిగిన తెలుగాయన, కళ్లద్దాల మీద నుంచి చూశాడు.

"ఏం పాపా, దాన్ని చూసి ఏడుస్తా ఉంటే మూల మొలస్తాదా? కోసింది కోసిందే. ఆడ తానులో కొయ్యని గుడ్డ ఇంకా ఉండాది కదా, దానికి పెట్టు కొత్త అట్ట. అవ్వళవుదాన్, అంతే."

మన వరల్డ్ కూడా అంతే తమ్ముడూ. మనం నడిచిన నేల కోసేసిన గుడ్డ. అప్‌డేట్ వచ్చినా అది మారదు. మన ఇల్లు, వంతెన, గొర్రెల దొడ్డి ఎలా ఉన్నవి అలాగే ఉంటాయి. మనం ఇంకా చూడని నేల తానులో ఉంది. అక్కడికి మనిషి వెళ్లినప్పుడే అది తయారవుతుంది, కొత్త అట్టతో తయారవుతుంది. ఒకటి గుర్తుంచుకో, కాలు పెట్టిన చోటే కాదు, దూరం నుంచి తెర మీద కనిపించిన నేల కూడా పాతదే.

"వారం రోజులు తిరిగినాను, ఏటీ నేదు" అన్నావు. ఎందుకు లేదో అదే ఫోన్ కాల్లో నాకు తెలిసిపోయింది. అందుకే ఇంకా గట్టిగా అరిచాను. తప్పు నీది కాదు, హారికది కూడా కాదు. నాది.

నేను చెన్నై బండి ఎక్కే ముందు వారం గుర్తుందా? సామాను సర్దుకోకుండా ఆట ముందు కూర్చున్నానని అమ్మ తిట్టింది. ఆ వారమంతా నేను నడిచాను. తూర్పున సముద్రం దాకా, దక్షిణాన ఇసుక ఎడారి దాటి, ఉత్తరాన అడవి అయిపోయేదాకా. నడిచినంత మేరా కుడిచేతి పక్క దివిటీలు పెట్టాను. తిరిగి వచ్చేటప్పుడు అవి ఎడమ పక్క ఉంటే ఇంటికి వస్తున్నట్టు లెక్క అని నీకు నేర్పాను కదా. నువ్వు తప్పిపోకూడదని పెట్టానని చెప్పాను. అది సగం నిజం. మిగతా సగం ఇప్పుడు చెబుతున్నాను. నేను వెళ్లాక నా కుర్చీలో ఎవరో ఒకరు కూర్చుంటారని నాకు తెలుసు. ఎవరొచ్చినా, ఎంత దూరం పోయినా, అక్కడ ముందే నా దివిటీ వెలుగుతూ ఉండాలి. అదీ నా బుద్ధి.

నువ్వేమో నమ్మకంగా ఆ దివిటీల వెంటే నడిచావు. అవి ఉన్నది పాత నేల మీదే. ఇక కొత్తవి ఎక్కడ దొరుకుతాయి? ఆ మూడు వైపుల నేలనీ నేనే ముందుగా కోసి పెట్టేశాను. ఇది తెలిశాక రెండు రోజులు నాకు అన్నం సయించలేదు. అమ్మకి ఈ ముక్క చదవకు.

కాని ఒక వైపు మిగిలింది. పడమర. మంచుకొండ దగ్గర తోడేళ్లు నిన్ను చుట్టుముడితే కీబోర్డ్ వదిలేసి మామ్మ కొంగులో దూరావు చూడు, అటు. పెద్దయ్యాక ఇద్దరం కలిసి వెళ్దాం అనుకుని ఆగిపోయాం. ఆ వారం కూడా నేను కొండ ఈవలి నుంచే వెనక్కి తిరిగాను. దాటలేదు. ఒట్టు.

ఇప్పుడు చేయాల్సింది చెబుతాను, మధ్యలో తెలివితేటలు చూపించకు. మొదట ఆట మూసేసి మన వరల్డ్ ఫోల్డర్‌ని పెన్‌డ్రైవ్‌లోకి కాపీ తియ్యి. ఆ కాపీ తెరుచుకుంటుందో లేదో చూడు. తెరుచుకున్నాకే మిగతా పని. రొట్టెలు, కత్తి, పడవ పట్టుకుని పడమరకి వెళ్లు. మంచుకొండ ఎక్కు. దాని వెనక కనిపించేది కూడా కొంత పాతదే అయి ఉంటుంది, అక్కడే ఆగిపోయి అక్క అబద్ధం చెప్పిందనకు. ఇంకా నడువు. గులాబీ చెట్లు మొదటి కొండ వెనకే ఉంటాయని నేను మాటివ్వను. ఎక్కడున్నాయో నాకూ తెలియదు. నాకు తెలియని చోటు అదొక్కటే మిగిలింది.

నా కోసం ఆగుతానని మాత్రం అనకు. దసరాకి సెలవు ఇస్తారో లేదో చెప్పలేను. ఇచ్చినా రెండు రోజులు. నువ్వు వెళ్లు. హారికని తీసుకెళ్లాలని ఉంటే తీసుకెళ్లు, తోడేళ్లకి ఇద్దరుంటే మంచిది. నువ్వు ముందు నడువు, తను వెనక. దివిటీలు నువ్వు పెట్టు. కుడిచేతి పక్క. మొదటి గులాబీ చెట్టు ఫోటో నాకు పంపాకే స్టేటస్‌లో పెట్టుకో.

అమ్మకి, నాన్నకి నా నమస్కారాలు. మామ్మ కాళ్లకి నా బదులు నువ్వు దండం పెట్టి, తను నెత్తి మీద చెయ్యి వేసి ఏమందో నాకు రాయి. పెద్దమ్మని అడిగానని చెప్పు. తెరకి దూరంగా కూర్చుని ఆడు. వేళకి తిను.

ఎప్పటికీ నీ సొంత అక్క,
సుజాత

అంటించే ముందు మళ్లీ విప్పి రాస్తున్నాను. చెట్టు దొరికిన చోట ఇల్లు కడతావు కదా, అందులో మూడు మంచాలు వెయ్యి. హారికకి ఏ రంగు కావాలో అడుగు. ఎరుపు తప్ప.